లాటిన్ బేస్‌బాల్ ఆటగాళ్ల కథ మన పిల్లలకు ఎలా చెప్పాలి

మా స్కూల్లో బేస్‌బాల్ ఆడే పిల్లలకు గ్లవ్ పట్టడం, బంట్ కొట్టడం, స్లైడ్ చేయడం అన్నీ వచ్చు. ఈ ఆట ఎవరిది అంటే మాత్రం "అమెరికా వాళ్లది సార్" అని ఊరుకుంటారు. అక్కడితో ఊరుకోవద్దనే ఇది రాస్తున్నా. మహబూబ్‌నగర్, నారాయణపేట, దేవరకొండ వైపు పనిచేసే పీఈటీలకు ముఖ్యంగా చెప్తున్నా, ఎందుకంటే క్యూబా, డొమినికన్ రిపబ్లిక్, ప్యూర్టోరికో, వెనెజువెలా, మెక్సికోల నుంచి ఆ ఆటలోకి వెళ్లినవాళ్లది వలస కథ, వలస అంటే ఏంటో ముంబయి బస్సెక్కిన అమ్మానాన్నల్ని చూసిన మన పిల్లలకు వేరే చెప్పక్కర్లేదు. నాలుగైదు సాయంత్రాలు, రోజుకు ఇరవై నిమిషాలు చాలు. ఆట అయ్యాక, గ్రౌండ్‌లోనే.

రికార్డులతో మొదలుపెట్టకండి. నేను మొదటిసారి అలాగే చేశా, ఐదు నిమిషాల్లో పిల్లలు గడ్డి పీక్కుంటూ కూర్చున్నారు. పేర్లతో మొదలుపెట్టండి.

ఫెలిపే ఆలూ అని ఒక డొమినికన్ ఆటగాడు. ఆలూ అనగానే నవ్వుతారు, నవ్వనివ్వండి, ఆ తర్వాత అసలు సంగతి చెప్పండి. వాళ్లలో తండ్రి ఇంటిపేరు ముందు, తల్లి ఇంటిపేరు తర్వాత వస్తుంది. ఆయన పూర్తి పేరు ఫెలిపే రోహాస్ ఆలూ, అంటే రోహాస్ వాళ్లబ్బాయి. టీమ్‌లోకి తీసుకున్నవాళ్లకు ఆ పద్ధతి తెలియదు, చివర ఉన్నదే ఇంటిపేరు అనుకుని ఆలూ అని రాసుకున్నారు. వెనకాలే వచ్చిన తమ్ముళ్లు మాతేయో, హెసూస్ కూడా అమెరికాలో ఆలూలే అయ్యారు. 1963 సెప్టెంబరులో ఆ ముగ్గురన్నదమ్ములు ఒకే మ్యాచ్‌లో శాన్‌ఫ్రాన్సిస్కో జెయింట్స్ అవుట్‌ఫీల్డ్‌లో పక్కపక్కన నిలబడ్డారు, ముగ్గురి పేరులోనూ నాన్న ఇంటిపేరు లేదు.

ఇది మన పిల్లలకు సూటిగా తగులుతుంది. మా దగ్గర ఒక తండా పిల్లవాడికి ఆధార్‌లో పేరు ఒకలా, స్కూల్ రిజిస్టర్‌లో ఒకలా ఉండేది. సెలక్షన్స్ రోజు టేబుల్ దగ్గర కూర్చున్నాయన రెండు కాగితాలూ పక్కపక్కన పెట్టి, ఒక్క అక్షరం కింద పెన్నుతో గీత గీసి, పక్కన నిలబడమన్నాడు. సాయంత్రం దాకా ఆ పిల్లవాడు షూ లేసులు విప్పలేదు, పిలుస్తారేమోనని.

పేర్లు పలకడం కూడా నేర్పండి. జోస్ కాదు హోసే, జువాన్ కాదు హువాన్. క్యూబా ఆటగాడు మిఞోసో పేరు వచ్చినప్పుడు బోర్డు మీద 'ఞ' రాయండి. ఇంగ్లీషు పేపర్లు ఆ అక్షరం మీది గీతను ఎన్నో ఏళ్లు ఎగరగొట్టి ఉత్త 'న' చేసి అచ్చేశాయి, మనకేమో ఆ ధ్వనికి విడిగా అక్షరమే ఉంది, బాలశిక్ష తర్వాత ఎవరూ వాడరు అంతే.

రెండో రోజు మ్యాప్. గోడ మీద మ్యాప్ వద్దు, బేస్‌ల మధ్య గీతలు (డైమండ్) గీసే సున్నంతోనే నేల మీద గీయండి. పైన ఫ్లోరిడా కొస, కింద పొడుగ్గా క్యూబా, దానికి కుడివైపు కొంచెం ఎడంగా డొమినికన్ రిపబ్లిక్, ఇంకా కుడికి చిన్నగా ప్యూర్టోరికో. కింద వెనెజువెలా. పిల్లల్ని ఒక్కో దేశంలో నిలబెట్టండి. క్యూబాలో నిలబడ్డవాళ్లకు ఎస్తెబాన్ బెయాన్ పేరు చెప్పండి, చదువుకోవడానికి న్యూయార్క్ వెళ్లి అక్కడ ఆట నేర్చుకుని 1871లోనే అమెరికా ప్రొఫెషనల్ లీగ్‌లో ఆడినవాడు. అంటే ఈ ఆటలో లాటిన్ వాళ్లు నిన్న మొన్న వచ్చినవాళ్లు కారు.

ఇక్కడే రంగు సంగతి చెప్పాలి, తొందరపడకండి. 1911లో సిన్సినాటి టీమ్ ఇద్దరు క్యూబా వాళ్లను తీసుకున్నప్పుడు, వీళ్లలో నల్లవాళ్ల రక్తం లేదు, అచ్చమైన స్పెయిన్ సంతతి అని ఊరికి నచ్చజెప్పాల్సి వచ్చింది. అదే టీమ్‌కు 1923లో అదోల్ఫో లూకే అనే ఇంకో క్యూబా పిచర్ (బంతి విసిరేవాడు) ఒక్క సీజన్‌లో 27 మ్యాచ్‌లు గెలిపించాడు. తెల్లగా ఉన్నాడు కాబట్టి ఆడనిచ్చారు. ఆ దేశంలోనే పుట్టిన మార్తిన్ దిహీగో పిచింగ్ చేసేవాడు, బ్యాటింగ్ చేసేవాడు, దాదాపు ఎక్కడ నిలబెట్టినా ఆడేవాడు. నల్లగా ఉన్నాడు, అమెరికాలో అన్నిటికంటే పెద్దదైన మేజర్ లీగ్‌లో ఒక్క మ్యాచ్ కూడా దక్కలేదు. నల్లవాళ్లకు విడిగా ఉన్న నీగ్రో లీగ్స్‌లో, మెక్సికోలో, క్యూబాలో ఆడి 1971లో చనిపోతే, 1977లో గొప్ప ఆటగాళ్లకు గౌరవంగా పెట్టిన హాల్ ఆఫ్ ఫేమ్‌లో పేరు చేర్చారు. 1947లో జాకీ రాబిన్సన్ అనే నల్ల ఆటగాడు మేజర్ లీగ్‌లోకి వచ్చాకే ఆ తలుపు తెరుచుకుంది, రెండేళ్లకు మిఞోసో వచ్చాడు. ఆయన్ను హాల్ ఆఫ్ ఫేమ్‌లోకి తీసుకున్నది 2022లో, పోయిన ఏడేళ్లకు. పిల్లల్ని తెల్లవాళ్లు, నల్లవాళ్లు అని రెండు గుంపులు చేసి ఆడించి చూపించాలని కొందరికి అనిపిస్తుంది, దయచేసి అలా చేయొద్దు. మన ఊళ్లలో హోటళ్ల రెండు గ్లాసుల పద్ధతి తాతలను అడిగి రమ్మనండి, చాలు.

భాష గురించి చెప్పేటప్పుడు నేను కొంచెం ఆగుతా. 1960ల మొదట్లో జెయింట్స్ మేనేజర్ డ్రెస్సింగ్ రూమ్‌లో స్పానిష్ మాట్లాడొద్దన్నాడు. సొంత అన్నదమ్ములు కూడా వాళ్ల భాషలో మాట్లాడుకోకూడదు! లంబాడీ పిల్లలు తమలో తాము గోర్ బోలి మాట్లాడుకుంటుంటే "తెలుగులో మాట్లాడండ్రా" అని కసురుకునేవాళ్లు మన స్టాఫ్ రూముల్లో ఇప్పటికీ ఉన్నారు. ప్రతి టీమ్‌కూ స్పానిష్ దుబాసీలు తప్పనిసరి అన్న నియమం 2016లో గానీ రాలేదు.

మూడో రోజు మేస్త్రీని పిలవండి, మాటవరసకు. డొమినికన్ రిపబ్లిక్‌లో బుస్కోన్ అనే మనిషి ఉంటాడు. పన్నెండు, పదమూడేళ్ల పిల్లవాణ్ని చూసి పట్టుకుంటాడు, తిండి పెడతాడు, బూట్లు కొనిస్తాడు, ప్రాక్టీస్ చేయిస్తాడు. పదహారేళ్లు నిండి ఏదైనా అమెరికన్ టీమ్‌తో సంతకం అయితే, వచ్చిన బోనస్‌లో పెద్ద వాటా ఆయనది. "అడ్వాన్సు ఇచ్చే మేస్త్రీ లెక్కనా సార్?" అని మా క్లాసులో వెంటనే అన్నారు. అవును, కాదు కూడా. చెరకు తోటల మధ్య ఇంట్లో తిండికి లేని పిల్లవాడికి మూడేళ్లు అన్నం పెట్టినవాణ్ని దొంగ అని తేల్చేయలేం. ఆ వాటా న్యాయమా కాదా అని పిల్లల్నే వాదించుకోనివ్వండి. ప్రతి మేజర్ లీగ్ టీమ్‌కూ ఆ దేశంలో అకాడమీ ఉంది, అందులో చేరినవాళ్లలో ఎక్కువమంది పెద్ద లీగ్ మొహం చూడకుండానే ఇంటికొస్తారు, చదువు మధ్యలో ఆగిపోయి ఉంటుంది. 2024 డిసెంబరులో డొమినికన్ ఆటగాడు హువాన్ సోతోకు 15 ఏళ్లకు 76.5 కోట్ల డాలర్ల కాంట్రాక్టు వచ్చింది, అది కూడా చెప్పండి, కానీ తిరిగొచ్చిన పిల్లల తర్వాతే చెప్పండి. నోటీసు బోర్డు మీద గెలిచినవాడి ఫోటో ఒక్కటే ఉంటుంది కదా.

నాలుగో రోజు లాస్ ఏంజెలిస్. అక్కడి బేస్‌బాల్ టీమ్ డాడ్జర్స్ ఆడే డాడ్జర్ స్టేడియం ఉన్న చోట ఒకప్పుడు మెక్సికన్ కుటుంబాల బస్తీలుండేవి. సర్కారు ఇళ్లు కడతామని ఖాళీ చేయించారు, ఆ ఇళ్లు కట్టలేదు, 1959లో చివరి కుటుంబాలను పోలీసులు బయటికి లాగారు, 1962లో స్టేడియం తెరిచారు. ఏళ్ల తరబడి చాలామంది మెక్సికన్లు ఆ గేటు దాటలేదు. 1981లో మెక్సికోలోని చిన్న పల్లె నుంచి ఫెర్నాండో వాలెన్సువేలా అనే ఇరవై ఏళ్ల పిచర్ వచ్చి వరసగా మొదటి ఎనిమిది మ్యాచ్‌లు గెలిచేసరికి స్టేడియం వాళ్లతో నిండిపోయింది. ఇంగ్లీషు రాదు, బంతి వేసేముందు కళ్లు ఆకాశానికెత్తేవాడు. కొల్లాపూర్ వైపు స్కూళ్లలో ఇది చెప్పేటప్పుడు జాగ్రత్త. 1981 అంటే అక్కడ శ్రీశైలం ముంపులో ఇళ్లు కూల్చిన ఏడాది, ఇంట్లో పెద్దవాళ్లకు అది ఇంకా పచ్చిగానే ఉంటుంది. ఎవరైనా ముసలాయన మాట్లాడతానంటే కుర్చీ వేసి కూర్చోబెట్టండి, మీరు ఆగండి.

చివరి రోజు రోబెర్తో క్లెమెంతే. ప్యూర్టోరికోలోని కరోలినాలో పుట్టాడు, 1955 నుంచి పిట్స్‌బర్గ్ టీమ్‌కు ఆడాడు. ఆటగాళ్ల ఫోటో కార్డుల మీద బాబ్ అని అచ్చేసేవాళ్లు, ఆయన నా పేరు రోబెర్తో అనేవాడు. పేపర్లవాళ్లు ఆయన యాసను అక్షరాల్లో వెక్కిరిస్తూ రాసేవాళ్లు. ఫ్లోరిడా ప్రయాణాల్లో తెల్ల ఆటగాళ్లు హోటల్లో తింటుంటే నల్లవాళ్లు బస్సులో కూర్చోవాల్సి వచ్చేది. 1971లో మేజర్ లీగ్ ఫైనల్ పోటీ అయిన వరల్డ్ సిరీస్ గెలిచాక టీవీ మైకు ముందుకొస్తే, ఇంగ్లీషు కంటే ముందు స్పానిష్‌లో అమ్మానాన్నల దీవెన అడిగాడు. 1972 సెప్టెంబరు 30న మూడు వేలవ హిట్ కొట్టాడు. హిట్ అంటే మన రన్ కాదని, కొట్టి క్షేమంగా బేస్ చేరడమని క్రికెట్ పిల్లలకు చెప్పండి. డిసెంబరులో నికరాగువాలో భూకంపం వచ్చింది. సాయంగా పంపిన సామాను అక్కడి సైనికులు దారి మళ్లిస్తున్నారని విని, తనే వెంట ఉంటే జనానికి చేరుతుందని డిసెంబరు 31 రాత్రి విమానం ఎక్కాడు. మోయగలిగిన దానికంటే బరువెక్కించిన పాత విమానం, లేచిన కాసేపటికే సముద్రంలో పడింది. వయసు 38.

చెప్పగానే విజిల్ ఊదకండి. "శవం దొరికిందా సార్" అని ఎవరో ఒకరు తప్పకుండా అడుగుతారు. దొరకలేదని చెప్పండి. ఎందుకు వెళ్లాడని ఇంకొకరు అడుగుతారు, దానికి మీరు జవాబు చెప్పొద్దు, వాళ్లలో వాళ్లే చెప్పుకుంటారు. తర్వాత బంతి ఇచ్చేయండి, చీకటి పడేదాకా ఆడుకోనివ్వండి.