పాత క్యాసెట్లలోని ఆటలను ఫైళ్లుగా భద్రపరచుకునే పద్ధతి

తొంభైలలో హైదరాబాదు కోఠిలో కొనుక్కున్న టీవీ గేమ్ క్యాసెట్లను ఇప్పుడు ఫైళ్లుగా మార్చుకోవాలనుకునేవారు ముందుగా కాపాడుకోవలసింది ఆటను కాదు, సేవ్‌ను, అంటే ఆటలో మనం ఎంతవరకు వచ్చామో దాచుకున్న వివరాన్ని. ఆట రోమ్ అనే చెరగని చిప్పులో స్థిరంగా ఉంటుంది కానీ, సేవ్ ఉండే చాలా క్యాసెట్లలో అది బిళ్లంత బ్యాటరీ మీద ఆధారపడి ఉంటుంది. చేతిలో పట్టుకుని ఆడే గేమ్‌బాయ్ ఆట పోకెమాన్ గోల్డ్ వంటి వాటిలో గడియారం కూడా ఆ బ్యాటరీతోనే నడుస్తుంది కనుక అది ఇంకా త్వరగా అయిపోతుంది. మా తమ్ముడి క్యాసెట్‌కు బ్యాటరీ మార్చేటప్పుడు నేను సేవ్‌ను ముందుగా కాపీ చేసుకోలేదు. రెండు వేసవి సెలవులు వాడు కూర్చుని ఆడినదంతా టంకం ఊడిన క్షణంలోనే చెరిగిపోయింది. ఆ బాధ నాకింకా ఉంది.

క్యాసెట్ పిన్నులను ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌లో ముంచిన దూదిపుల్లతో తుడిచి, ఆరిన తరువాత డంపర్‌తో (క్యాసెట్‌ను కంప్యూటర్‌లోకి ఫైలుగా చదివే పరికరం) రెండుసార్లు చదివించి, రెండు ఫైళ్ల హాష్ (ఫైలులోని డేటా నుంచి లెక్కించే వేలిముద్ర లాంటి సంఖ్య) ఒకటేనా అని చూడాలి. నోటితో ఊదితే తేమ చేరుతుంది కాబట్టి ఆ పాత అలవాటు మానుకోవడం మంచిది.

ఆ హాష్‌ను, సరైన కాపీల హాష్‌లను నమోదు చేసే నో-ఇంట్రో జాబితాతో పోల్చినప్పుడు తేడా వస్తే వెంటనే ఫైలు చెడిందనుకోకూడదు. ఉదాహరణకు, సూపర్ మారియో బ్రదర్స్‌లో అసలు ఆట 40,960 బైట్లే; ఎమ్యులేటర్ (పాత ఆటలను కంప్యూటర్‌లో ఆడించే సాఫ్ట్‌వేర్) కోసం ముందు చేర్చే 16 బైట్ల హెడర్‌తో, అంటే ఆట వివరాల చిన్న ముక్కతో, ఫైలు 40,976 బైట్లవుతుంది, హాష్ కూడా మారిపోతుంది. అందువల్ల హెడర్‌ను వదిలేసి లెక్కించే సాఫ్ట్‌వేర్‌నే వాడాలి.

సీడీ ఆటలను బిన్ (సీడీలోని డేటా), క్యూ (ట్రాకుల వరుస చెప్పే చిన్న ఫైలు) ఫైళ్ల జంటగా తీసుకోవాలి, ఎందుకంటే ఐఎస్‌ఓ అనే మామూలు డిస్క్ ఫైలులో పాటల ట్రాకులు రావు. బిన్ పేరు మారిస్తే క్యూ ఫైలు లోపల కూడా ఆ పేరు మార్చాలి. చోటు చాలకపోతే సీహెచ్‌డీ అనే ఫైలు రకంగా కుదించవచ్చు, డేటా ఏమీ పోదు.

కన్సోల్‌కొక ఫోల్డర్ చాలు. అయితే అసలు డంపులను (డంపర్‌తో తీసిన ఫైళ్లను) మార్చడానికి వీలుకాని రీడ్-ఓన్లీగా ఉంచి, ప్యాచ్ చేసినవాటిని (మార్పులు చేర్చిన కాపీలను) వేరుగా పెట్టి, సేవ్‌లకు తేదీ రాయాలి.

ఇదంతా ఒకే హార్డ్ డిస్కులో ఉంచకూడదు. 2020 అక్టోబరు వానలకు నగరంలో ఎన్నో ఇళ్లలోకి నీళ్లొచ్చాయి కనుక, రెండో డిస్కును వేరే పేటలోని బంధువుల ఇంట్లో ఉంచి, ఏడాదికొకసారి తెచ్చుకుని, మొదట రాసిపెట్టుకున్న హాష్‌లతో ప్రతి ఫైలునూ సరిచూసుకోవాలి.