వదిలేసిన పెంపుడు కుక్క దొరికితే ఏం చేయాలి, మంచి ఇల్లు ఎలా చూడాలి

ఎండాకాలం సెలవులొచ్చినా, అద్దె ఇళ్ళు మారే టైమొచ్చినా, పిల్లలు ఎమ్మెస్ అని అమెరికా వెళ్ళిపోయి వాళ్ళ కుక్కని చూసుకోవడం పెద్దవాళ్ళ వల్ల కాకపోయినా, హైదరాబాద్ రోడ్ల మీద లాబ్రడార్లు, షిట్జూలు, హస్కీలు కనబడటం మొదలవుతుంది. వీధిలో పుట్టిన కుక్కకి ట్రాఫిక్ తెలుసు, ఎక్కడ తిండి దొరుకుతుందో తెలుసు, ఇంట్లో పెరిగినదానికి ఆ రెండూ తెలీవు, అందుకే వదిలేసిన పెట్ రోడ్డు మీద ఎక్కువ రోజులు బతకదు.

మా దగ్గరికొచ్చిన ఒక ఆడ లాబ్ సంగతి చెప్తా. ఔటర్ సర్వీస్ రోడ్డు పక్కన మూడు రోజుల నుంచి ఒకే చోట కూర్చుని ఉందని టీ కొట్టు అన్న చెప్పాడు, బిస్కెట్ వేస్తే వాసన చూసి వదిలేస్తోంది, తెల్ల కారు ఏదైనా స్లో అయితే మాత్రం లేచి తోకూపుకుంటూ డోర్ దాకా వెళ్తోంది, తన కారు కాదని తెలిశాక మళ్ళీ వచ్చి అక్కడే కూర్చుంటోంది. మెడ చుట్టూ బెల్టు ఒరుసుకుని వెంట్రుకలు పోయాయి, పొట్ట కింద చన్నులు వేలాడుతున్నాయి, అంటే పిల్లల కోసం ఈత మీద ఈత వేయించి ఇక పనికిరాదనుకున్నాక వదిలేశారన్నమాట.

ఇలాంటిది కనబడగానే పరిగెత్తుకెళ్ళి పట్టుకోవద్దు. కొంచెం దూరంలో పక్కకి తిరిగి కూర్చోండి, కళ్ళలోకి చూడకండి, ఉడికించిన చికెన్ ముక్కో గుడ్డో వేస్తూ ఉండండి, అదే వస్తుంది. మాకు ఆ లాబ్‌తో గంటన్నర పట్టింది. గుర్రుమంటున్నా, తోక కాళ్ళ మధ్య పెట్టుకుని మూలకి నక్కినా వెనక్కి తగ్గి, అలవాటున్న వాళ్ళని పిలవండి. ఒకవేళ కరిస్తే చిన్న గీతే కదా అని వదిలేయకండి, పారే నీళ్ళ కింద సబ్బుతో పదిహేను నిమిషాలు కడిగి అదే రోజు రేబిస్ ఇంజెక్షన్‌కి వెళ్ళాలి, కండకి వేసే కోర్సైతే 0, 3, 7, 14, 28 రోజుల్లో, ప్రభుత్వాసుపత్రుల్లో ఫ్రీగానే వేస్తారు. రక్తం వచ్చిందంటే గాయం చుట్టూ వేసే ఇమ్యునోగ్లోబులిన్ (రేబిస్‌ని వెంటనే అడ్డుకునే ఇంకో మందు) కూడా కావాలి, మీరే అడిగి వేయించుకోండి.

ఇంటికి తెచ్చాక మీ కుక్కతో వెంటనే కలపొద్దు, కనీసం రెండు వారాలు వేరే గది, వేరే గిన్నెలు, ముఖ్యంగా కుక్కపిల్లలైతే. వాంతులు, రక్త విరేచనాలతో కుక్కపిల్లల ప్రాణం తీసే పార్వో వైరస్ నేల మీద నెలల తరబడి బతుకుతుంది, మామూలు ఫినాయిల్‌ని నమ్ముకోకండి, బ్లీచింగ్‌తోనే కడగాలి. బాగా మాడిపోయిన దానికి ఒకేసారి కడుపునిండా పెడితే ప్రాణం మీదకొస్తుంది, మెత్తటి అన్నంలో ఉప్పూ నూనే లేని ఉడికించిన చికెన్ కలిపి రోజుకి నాలుగైదుసార్లు కొంచెం కొంచెంగా పెట్టండి, పాలు వద్దు. నొప్పిగా ఉందని డోలో, బ్రూఫెన్ లాంటి మన మాత్రలు అస్సలు వేయకండి, పిల్లికైతే ఒక్క డోలో చాలు చచ్చిపోవడానికి. మొదటి రోజే స్నానం కూడా వద్దు, అసలే భయపడి ఉంటుంది.

డాక్టర్ దగ్గర మైక్రోచిప్ (ఓనర్‌ని కనుక్కోవడానికి చర్మం కింద పెట్టే చిన్న చిప్) ఉందేమో స్కాన్ చేయించండి, బ్లడ్ టెస్ట్ చేయించండి. మన వైపు టిక్ ఫీవర్, అంటే పిడుదులు కుట్టి వచ్చే జ్వరం, చాలా ఎక్కువ, పెదవి ఎత్తి చూస్తే చిగుళ్ళు తెల్లగా పాలిపోయి ఉంటే ఆలస్యం చేయొద్దు.

ఒక్కోసారి నిజంగానే తప్పిపోయిన కుక్కై ఉంటుంది, ఇంటివాళ్ళు ఏడుస్తూ వెతుకుతుంటారు. అందుకే ఫోటో కాలనీ గ్రూపుల్లో, చుట్టుపక్కల క్లినిక్కుల్లో పెట్టండి, కానీ ఒక గుర్తు మాత్రం దాచుకోండి, చెవి లోపల మచ్చో, వెనక కాలి తెల్ల గోరో. మాదే అని వచ్చినవాళ్ళని అది అడగండి, పాత ఫోటోలు, వ్యాక్సిన్ కార్డు చూపించమనండి.

హింస కేసులు వేరు. డాబా మీద ఎండలో నీళ్ళు కూడా లేకుండా కట్టేసిన కుక్కని గోడ దూకి తెచ్చేయాలనే అనిపిస్తుంది, కానీ అలా తెస్తే మీ మీదే దొంగతనం కేసు పెట్టొచ్చు. ముందు డేట్ తెలిసేలా వీడియోలు తీయండి, తర్వాత గొడవ పడకుండా "ఆంటీ, మీకు కుదరట్లేదేమో, మేం చూసుకుంటాం" అని అడగండి, చాలామంది ఇచ్చేస్తారు కూడా. ఇచ్చేటప్పుడు ఇష్టపూర్వకంగా ఇస్తున్నామని సంతకం పెట్టించి కాగితం తీసుకోండి. వినకపోతే పోలీస్ కంప్లైంట్, 1960 జంతు హింస నివారణ చట్టం సెక్షన్ 11 అని రాయండి, వదిలేయడం కూడా అందులో నేరమే. మొదటిసారికి జరిమానా పది నుంచి యాభై రూపాయలే, ఇన్నేళ్ళైనా మార్చలేదంటే బాధగా ఉంటుంది. చంపినా, అవిటిదాన్ని చేసినా మాత్రం బీఎన్ఎస్ (భారతీయ న్యాయ సంహిత) సెక్షన్ 325 కింద ఐదేళ్ళ దాకా జైలు ఉంది.

ఇక ఇల్లు చూడటం, నా లెక్కలో అసలు పని ఇదే, తీసుకురావడం సగం కూడా కాదు. ముందు వ్యాక్సిన్లు, పిల్లలు పుట్టకుండా చేసే ఆపరేషన్ అయిపోవాలి, ఆపరేషన్ కాకుండా ఇస్తే ఆ లాబ్‌ని మళ్ళీ బ్రీడర్‌కే అప్పజెప్పినట్టు. పోస్టులో ఉన్నది ఉన్నట్టు రాయండి, వయసు, జబ్బు, దేనికి భయపడుతుంది అన్నీ. ఫ్యాన్ స్విచ్ వేద్దామని మేం చెయ్యి పైకెత్తితే మా లాబ్ నేలకి అతుక్కుపోయి ఉచ్చ పోసేసేది, మెట్లంటే ఏంటో దానికి తెలీదు, అదంతా రాశాం. ఫోన్లు తగ్గాయి, కానీ వచ్చినవి చదివి వచ్చిన ఫోన్లు.

మొదటి ప్రశ్నే "ఆడదా, పిల్లలు పెడుతుందా" అంటే అక్కడే వద్దని చెప్పేయండి. ఫామ్‌హౌస్‌లో కాపలాకి అన్నా, గర్ల్‌ఫ్రెండ్‌కి సర్‌ప్రైజ్ గిఫ్ట్ అన్నా మేం ఇవ్వం. కుర్రాళ్ళు సరదాపడితే సరిపోదు, పగలంతా ఇంట్లో ఉండే అమ్మా నానమ్మా ఒప్పుకున్నారా, బాల్కనీకి గ్రిల్ ఉందా, అద్దె ఇల్లైతే ఓనర్ ఏమన్నాడు, ఊరెళ్తే ఎవరు చూస్తారు, ఇవన్నీ ఇంటికెళ్ళి కూర్చుని అడగాలి. పెట్స్ వద్దని అపార్ట్‌మెంట్ అసోసియేషన్ రూల్ పెట్టడానికి లేదని యానిమల్ వెల్ఫేర్ బోర్డు 2015లోనే చెప్పింది, అది కూడా వాళ్ళకి చెప్పండి. ఆధార్ కాపీ తీసుకోండి, కుదరకపోతే వేరేవాళ్ళకి ఇవ్వకుండా మాకే తిరిగివ్వాలని రాయించుకోండి. కాదనడానికి మొహమాటపడకండి, మేం ఆ లాబ్‌కి పదకొండు మందిని కాదన్నాం.

పన్నెండో ఫోన్ సైనిక్‌పురి నుంచి, రిటైరైన భార్యాభర్తలు, గ్రౌండ్ ఫ్లోర్ ఇల్లు. పంపేటప్పుడు అది పడుకున్న తువ్వాలు ఉతక్కుండా ఇచ్చాం, వారానికి సరిపడా అదే తిండి ఇచ్చాం. మొదటి మూడు రోజులు తినకపోవచ్చు, మంచం కిందే ఉండొచ్చు, కుదురుకోవడానికి మూడు వారాలు, ఇది నా ఇల్లు అనుకోవడానికి మూడు నెలలు పడుతుందని ముందే చెప్పండి, లేకపోతే నాలుగో రోజే వెనక్కి తెచ్చేస్తారు. మొదటి వారాల్లో తలుపు సందులోంచి పారిపోయేవి చాలా ఉంటాయి, బయటికెళ్తే మెడబెల్టూ, ఛాతీ చుట్టూ కట్టే హార్నెస్ రెండూ వేయమనండి.

వారం దాకా రోజూ ఫోటో అడగండి, తర్వాత నెలకోసారి. ఆ అంకుల్ ఇరవయ్యో రోజు పంపిన వీడియోలో అది వాకిట్లో రెండు మెట్ల ముందు నిలబడి ఒక కాలు పెట్టి తీసి, మళ్ళీ పెట్టి, చివరికి దిగింది.