మలయాళ సినిమాలో కేరళను చూడటం ఎలా?

ముందు తెలుగు డబ్బింగ్ పక్కన పెట్టండి. మలయాళం ఆడియో, సబ్‌టైటిల్స్ పెట్టుకోండి. త్రిశూర్ యాస వేరు, మలప్పురం యాస వేరు, తిరువనంతపురం యాస వేరు. పాత్ర నోరు విప్పగానే ఏ ప్రాంతం మనిషో అక్కడివాళ్లకు తెలిసిపోతుంది. డబ్బింగ్‌లో అదంతా చదునైపోతుంది.

మొదటిసారి కథ కోసం చూసేయండి. రెండోసారి ఒక్క ప్రశ్నే పట్టుకోండి: ఇంట్లో పని ఎవరు చేస్తున్నారు? దీనికి 'ది గ్రేట్ ఇండియన్ కిచెన్' (2021)ను మించింది లేదు. మామగారు గట్టిగా అరవడు. అన్నం కట్టెల పొయ్యి మీద వండమంటాడు, చట్నీ రాతి మీద నూరమంటాడు, తన బట్టలు మెషీన్‌లో వేయొద్దంటాడు, అంతా మెత్తగానే. మగవాళ్లు నమిలి పడేసిన పిప్పి టేబుల్ మీదే ఉంటుంది. సింకు కింద నీళ్లు కారుతూనే ఉంటాయి. ప్లంబర్‌ని పిలవమని కోడలు ఎంత చెప్పినా భర్త పట్టించుకోడు. డైలాగుల కంటే ఆ సింకును గమనించండి. తర్వాత ఇంట్లో అయ్యప్ప మాల వేస్తారు, నెలసరి వచ్చిన కోడలిని విడిగా ఉంచుతారు. మాల సంగతి మనకూ తెలిసిందే కాబట్టి ఆ భాగం తెలుగువాళ్లకు నేరుగా తగులుతుంది. శబరిమల గుడిలోకి అన్ని వయసుల ఆడవాళ్లనూ రానివ్వాలన్న 2018 సుప్రీంకోర్టు తీర్పు, దాని వెంట కేరళలో రేగిన గొడవ ముందే చదువుకుని చూడండి. లేకపోతే చివరి అరగంట సగమే అర్థమవుతుంది.

ఆ తర్వాత మాతృకనూ రీమేక్‌నూ వెంటవెంటనే చూడండి. 'మహేషింటె ప్రతికారం' (2016) ఇడుక్కి కొండల్లోని ఒక క్రైస్తవ ఇంటి కథ. మధ్య తిరువితాంకూరు (ట్రావన్‌కోర్) నుంచి వలస వచ్చిన రైతు కుటుంబాల ప్రాంతమది. 2020లో మన 'ఉమామహేశ్వర ఉగ్రరూపస్య' దాన్ని అరకుకు తెచ్చింది. పగ తీర్చుకునేదాకా చెప్పులు వేసుకోనన్న హీరో శపథం వచ్చింది, ఆ వలస నేపథ్యం రాలేదు. ఏది దాటింది, ఏది దాటలేదు అని రెండు వరసల్లో రాసుకోండి.

రాజకీయాలకు 'సందేశం' (1991) చాలు. అన్నదమ్ములిద్దరూ చెరో పార్టీ. వాళ్ల గొడవలో వచ్చే 'పోలండ్ గురించి ఒక్క మాట మాట్లాడొద్దు' అన్న డైలాగు కేరళ రాజకీయ వాదనల్లో ఇప్పటికీ వినిపిస్తుంది.

చాలామంది పొరబడేది తెర మీద కనిపించిందే మొత్తం కేరళ అనుకోవడంలో. తొలి మలయాళ నాయిక పి.కె. రోసి దళిత మహిళ. తొలి మలయాళ సినిమా 'విగతకుమారన్'లో అగ్రకులమైన నాయర్ స్త్రీగా నటించినందుకు ఆమెను ఊరి నుంచే తరిమేశారు. అందుకే ప్రతి సినిమాకూ కనిపించనివాళ్ల జాబితా కూడా రాయండి. సినిమా రంగంలో ఆడవాళ్ల పరిస్థితులపై 2017లో వేసిన హేమ కమిటీ నివేదిక 2024 ఆగస్టులో గానీ బయటికి రాలేదు. ఆ మధ్య ఏళ్ల సినిమాలు చూసేటప్పుడు టైటిల్స్ దాటవేయకండి. రచన, దర్శకత్వం, కెమెరా పక్కన ఆడవాళ్ల పేర్లు ఎన్ని ఉన్నాయో లెక్కపెట్టండి.