బ్యాంకు నోటీసుకు జవాబు రాసే ముందు

ఒడిశాలోని బరంపురం, పర్లాకిమిడి వైపు మనవాళ్లు చేసే మొదటి తప్పు పోస్ట్‌మ్యాన్ తెచ్చిన కవరు తిప్పి పంపేయడం. తీసుకోండి. ఖాళీ కవరు కూడా పారేయకండి, దాని మీది ముద్రలో తేదీ ఉంటుంది.

బాకీ కట్టకపోతే కోర్టుకు వెళ్లకుండానే తాకట్టు ఆస్తిని స్వాధీనం చేసుకునే వీలు బ్యాంకుకిచ్చేది సర్ఫేసీ చట్టం. దాని సెక్షన్ 13(2) కింద వచ్చిన నోటీసైతే బాకీ కట్టడానికి 60 రోజుల గడువు. అభ్యంతరాలు రిజిస్టర్డ్ పోస్టులో పంపి రసీదు దాచుకోండి. 15 రోజుల్లో బ్యాంకు జవాబివ్వాలి.

తాకట్టు పెట్టింది సాగుభూమా? ఈ చట్టం దానికి వర్తించదు. అయితే ‘పొలమే కదా’ అంటే చాలదు. ఒడియా పట్టాలో ‘కిసమ్’ (భూమి రకం) గడి చదివించుకోండి, నిజంగా సాగులో ఉన్నట్టు రుజువులూ పెట్టుకోండి.

ఇల్లు స్వాధీనం చేసుకుంటే 45 రోజుల్లో కటక్‌లోని రుణ వసూళ్ల ట్రిబ్యునల్‌కు వెళ్లాలి. ఊళ్లో సివిల్ కోర్టు చుట్టూ తిరిగితే రోజులు దండగ.