రుణ భిన్నాల లెక్క మొదలుపెట్టే ముందు

వరంగల్, హనుమకొండ బడుల్లో ఏడో తరగతి చదివే పిల్లలూ, పెన్ను పట్టేముందు ఇవి చూసుకోండి.

• ముందు గుర్తులు. తీసివేయాల్సిన భిన్నానికే మైనస్ ఉంటే బ్రాకెట్ వదలొద్దు. −3/4 − (−5/6) అంటే −3/4 + 5/6. మార్కులు ఎక్కువగా పోయేది ఇక్కడే, అందుకే ఈ లైను తప్పకుండా విడిగా రాయండి.

• హారాలను ఎప్పుడూ కూడొద్దు. 4, 6ల క.సా.గు. (కనిష్ఠ సామాన్య గుణిజం) 12. కాబట్టి −9/12 + 10/12 = 1/12.

• −2⅓ అంటే −7/3. రెండుకే మైనస్ అనుకుంటే −5/3 వస్తుంది, అది తప్పు.

• జవాబుకు ఏ గుర్తు వస్తుందో ముందే ఊహించండి. భద్రకాళి చెరువులో నీళ్లు సున్నా గీతకు 3/4 అడుగు కింద, అంటే −3/4 దగ్గర ఉన్నాయనుకోండి. వానకు 1/2 అడుగు పెరిగినా ఇంకా కిందే ఉంటాయి: −1/4.

• టెన్షన్‌లో జవాబును కనిష్ఠ రూపంలో (2/4ను 1/2 అన్నట్టు) రాయడం మర్చిపోకండి.