పెరట్లో మారువేషాలను కనిపెట్టడం ఎలా?

మాది శ్రీకాకుళం జిల్లా ఉద్దానం. జీడితోటల మధ్య పెరిగినా, రోజూ ఎక్కి దిగే చెట్టు మీద ఎన్ని ప్రాణులు కళ్లెదుటే దాక్కుని ఉంటాయో నాకు చాలా ఏళ్లు తెలియలేదు. కొన్ని ఆకులోనో బెరడులోనో కలిసిపోతాయి. కొన్ని ఇంకో జీవి వేషం కడతాయి. వీటిని చూడటానికి అడవికి వెళ్లనక్కర్లేదు. సోంపేటలో ఉన్నా బొబ్బిలిలో ఉన్నా, ఇంటి దగ్గర ఒక కరివేపాకు చెట్టు ఉంటే మొదలుపెట్టొచ్చు.

1. జీవిని కాదు, జాడను వెతకండి

వానలు పడి కొత్త చిగుళ్లు వచ్చాక, ఉదయం ఏడు నుంచి పది లోపు చూడండి. చెట్టు చుట్టూ తిరగొద్దు. ఒక కొమ్మ ముందు ఐదు నిమిషాలు కదలకుండా నిలబడండి. అంచు కొరికిన ఆకు కనిపిస్తే దాని కింది ఆకులు చూడండి. వాటి మీద ఆవగింజంత నల్లటి ఉండలు ఉంటే అది పురుగు రెట్ట, అంటే పురుగు సరిగ్గా దాని పైనే ఎక్కడో ఉంది. నాకు తెలిసి ఇంతకన్నా నమ్మకమైన గుర్తు లేదు.

2. పిట్టరెట్టను మరోసారి చూడండి

కరివేపాకు మీద గోధుమరంగులో, మధ్యలో తెల్లటి మరకతో, తడిగా మెరుస్తున్న పిట్టరెట్ట కనిపిస్తే తుడిచేయకండి. భూతద్దం ఉంటే మంచిది, లేకపోతే ఫోన్‌లో ఫొటో తీసి జూమ్ చేయండి. ఒక చివర తల, కింద బుడిపెల్లాంటి కాళ్లు కనిపిస్తే అది చాలావరకు కామన్ మార్మన్ సీతాకోకచిలుక గొంగళిపురుగే. రెట్టను ఏ పిట్టా తినదు కదా! పెరిగి పెద్దదయ్యాక ఆ వేషం పనికిరాదు, అంత పెద్ద రెట్ట ఎక్కడుంటుంది? అందుకే చివరిసారి కుబుసం విడిచాక ఆకుపచ్చగా మారిపోతుంది. అప్పుడు పుల్లతో మెల్లగా తాకితే తల వెనక నుంచి చీలిన నాలుకలాంటి ఎర్రటి గ్రంథి బయటికొచ్చి ఘాటు వాసన కొడుతుంది. ఒక్కసారి చూస్తే చాలు, పదేపదే తాకి దాన్ని టెన్షన్ పెట్టొద్దు.

3. ఒకదాన్ని పెంచి చూడండి

పురుగు ఉన్న రెమ్మను తుంచి, నీళ్లు పోసిన చిన్న సీసాలో నిలబెట్టండి. సీసా మూతి దూదితో మూయండి, లేకపోతే పురుగు నీళ్లలో పడుతుంది. దాన్ని పెద్ద డబ్బాలో పెట్టి పైన పలచటి గుడ్డ కట్టండి. రోజూ తాజా ఆకు వేయాలి. బజారులో కొన్న కరివేపాకు మాత్రం వేయకండి. దాని మీద మందు కొట్టి ఉంటే పురుగు చచ్చిపోతుంది. ఒకసారి నేను అలా నాలుగు పురుగుల్ని పోగొట్టుకున్నాను, ఆ బాధ ఇప్పటికీ ఉంది.

రెండు మూడు వారాల్లో అది తిండి మానేసి, పుల్లకు దారంతో నడుం కట్టుకుని ప్యూపా అవుతుంది, అంటే కదలకుండా ఉండి లోపల సీతాకోకచిలుకగా మారే దశ. ఆ ప్యూపా కూడా చుట్టూ ఉన్నదాన్ని బట్టి పచ్చగానో గోధుమరంగులోనో ఉంటుంది.

4. చీమల వరసలో కాళ్లు లెక్కపెట్టండి

2018 అక్టోబర్ 11న పలాస దగ్గర తీరం దాటిన తిత్లీ తుపానుకు మా జీడిచెట్లు చాలా పోయాయి. తిత్లీ అంటే సీతాకోకచిలుకే. మళ్లీ నాటిన చెట్ల మీద ఎర్ర చీమలు ఆకులు కుట్టి గూళ్లు కట్టిన రోజు నాకు తోట తిరిగొచ్చినట్టే అనిపించింది. జీడి పూతను పాడుచేసే టీ దోమను ఈ చీమలు తింటాయి కూడా.

ఒకరోజు ఆ చెట్టు కిందే మా అక్క కూతురు అరిచింది. "మావయ్యా, చీమ దారం పట్టుకుని దిగుతోందేటి!"

అది చీమ కాదు, సాలీడు. అదే ఎరుపు, అదే సన్నటి నడుం. చీమలకు ఆరు కాళ్లు, మీసాలు ఉంటాయి. సాలీడుకు ఎనిమిది కాళ్లు, మీసాలు ఉండవు. అందుకని ముందు కాళ్లు రెండూ పైకెత్తి మీసాల్లా ఆడిస్తూ నడుస్తుంది. మగదానికి దవడలు ఎంత పొడుగంటే, ఒక చీమ ఇంకో చీమను మోసుకెళ్తున్నట్టు ఉంటుంది. వరసకు కాస్త పక్కగా, ఒంటరిగా తిరిగే 'చీమ' కనిపిస్తే వేలు దగ్గరికి తీసుకెళ్లండి. దారం వదిలి కిందికి జారితే దొరికినట్టే. కుట్టే చీమలు కాబట్టి నిండు చేతుల చొక్కా వేసుకోండి.

5. పాముల దగ్గర ఈ విద్య వద్దు

కట్లపాములా కనిపించే విషం లేని పాము ఒకటుంది, వుల్ఫ్ స్నేక్. దాని చారలు మెడ దగ్గరే మొదలై తోకవైపు మాసిపోతాయి. కట్లపాము చారలు సాధారణంగా తల నుంచి కొంత వెనక మొదలవుతాయి. ఇది తెలుసుకోవడానికే తప్ప దగ్గరికెళ్లి పోల్చడానికి కాదు. చారలున్న ఏ పామైనా కట్లపామే అనుకుని దూరం జరగండి. చంపొద్దు, పాములు పట్టేవాళ్లను పిలవండి. కాటు పడితే నాటువైద్యం మాటే వద్దు, వెంటనే ఆసుపత్రికి వెళ్లండి.

6. సీతాకోకచిలుకను గుర్తుపట్టండి

మీ ప్యూపా పది రోజులకు అటూ ఇటూగా పగులుతుంది. మగదైతే నల్లటి రెక్కల మీద తెల్లచుక్కల వరస ఉంటుంది. ఆడదైతే మగదానిలాగే ఉండొచ్చు, లేదా వెనక రెక్కలో తెల్లటి మచ్చ, అంచున ఎర్రటి చంద్రవంకలతో పూర్తిగా వేరే సీతాకోకచిలుకలా ఉండొచ్చు. ఆ వేరేది కామన్ రోజ్. దాని పురుగు ఈశ్వరి తీగ తిని, అందులోని విషాన్ని ఒంట్లో దాచుకుంటుంది. ఒకసారి రుచి చూసిన పిట్ట మళ్లీ ఆ రంగుల జోలికి పోదు, అందుకే ఆ వేషం కట్టిన మార్మన్ కూడా తప్పించుకుంటుంది.

ఇలాంటి అనుకరణను అమెజాన్ అడవుల్లో పదకొండేళ్లు తిరిగిన ప్రకృతి శాస్త్రవేత్త హెన్రీ వాల్టర్ బేట్స్ 1862లో వివరించాడు. కామన్ మార్మన్ ఆడవాటిలో ఈ వేషాన్ని డబుల్‌సెక్స్ అనే ఒకే ఒక్క జన్యువు నడుపుతుందని శాస్త్రవేత్త కృష్ణమేఘ్ కుంటే బృందం 2014లో చూపించింది.

తోటలో రెండూ ఎగురుతుంటే రెక్కలు చూడకండి, ఒళ్లు చూడండి. కామన్ రోజ్ ఒళ్లు ఎర్రగా ఉంటుంది. మన మార్మన్ ఒళ్లు నల్లగానే ఉంటుంది. రెక్కల మీద అంత నేర్పుగా వేసిన వేషం ఒంటి దగ్గర దొరికిపోతుంది.

డబ్బాలోంచి వచ్చినదాని రెక్కలు ఆరడానికి గంటో రెండు గంటలో పడుతుంది. అంతవరకు చేత్తో పట్టుకోవద్దు. గుడ్డ తీసేసి, పుల్లతో సహా కరివేపాకు చెట్టు దగ్గర నీడలో పెట్టండి. వానైతే తెరిపి ఇచ్చేదాకా లోపలే ఉంచండి.