మస్కడైన్ ద్రాక్ష: కాపు రాకపోతే, తొక్క ఉడకకపోతే

మస్కడైన్ అమెరికా ఆగ్నేయ రాష్ట్రాల సొంత ద్రాక్ష. ఉక్కపోతకు, తెగుళ్లకు మామూలు ద్రాక్ష చచ్చిపోయే చోట కూడా ఇది బతుకుతుంది. అది చూసి దాన్ని దాని మానాన వదిలేస్తారు, చిక్కంతా అక్కడే మొదలవుతుంది. కేరీ, షార్లెట్, అట్లాంటా పెరళ్లలో మనవాళ్లకు తరచూ ఎదురయ్యేవి ఇవి.

పూత విరగబూస్తుంది, పిందె నిలవదు

తీగకు మూడేళ్లు నిండితే పువ్వును దగ్గరగా చూడండి. ఆవగింజంత మొగ్గ విచ్చాక కేసరాలు నిటారుగా ఉంటే ద్విలింగ పువ్వు (ఆడ, మగ భాగాలు రెండూ పనిచేసేది), ఆ తీగ ఒంటరిగానే కాస్తుంది. కేసరాలు కిందికి వంగి వాలిపోతే ఆడ తీగ. ఫ్రై, సుప్రీమ్, బ్లాక్ బ్యూటీ ఆడ రకాలు. వాటికి పుప్పొడి అందాలంటే 50 అడుగుల లోపు ద్విలింగ రకాలైన కార్లోస్, నోబుల్, ఐసన్‌లలో ఒకటి నాటండి. ఒక్క తీగకే చోటుంటే ద్విలింగ రకమే కొనాలి. పూత మీద పురుగుమందు కొట్టొద్దు, పుప్పొడి మోసేది ఆ పురుగులే.

ఆకు దట్టం, కాయ తక్కువ

కత్తిరింపు సరిగా లేదు. నిరుటి రెమ్మ కణుపు నుంచి వచ్చే కొత్త చిగురు మీదే కాపు. హైదరాబాద్ చుట్టుపక్కల ద్రాక్షను ఏడాదికి రెండుసార్లు కత్తిరిస్తారు. దీనికి ఒక్కసారే, ఫిబ్రవరి–మార్చిలో, చిగురు రాకముందు. ప్రతి నిరుటి రెమ్మకూ 2–4 కణుపులు వదిలి మిగతాది కోసేయండి. మరీ నున్నగా గొరిగితే పాత చెక్క నుంచి వచ్చిన చిగుళ్లు ఆ ఏడు కాయవు. కోత దగ్గర నీరు కారితే కంగారొద్దు, తీగకేమీ కాదు. ప్రధాన కొమ్మను చుట్టుకున్న నులితీగల్ని మాత్రం వదలొద్దు, అవి బిగుసుకుంటే ఆ పైభాగం ఎండిపోతుంది.

ముదురాకుల్లో ఈనెలు పచ్చగా, మధ్యలో పసుపు

మెగ్నీషియం లోపం. కాపు తీగకు 100–150 గ్రాముల ఎప్సమ్ సాల్ట్ (మెగ్నీషియం సల్ఫేట్) మొదలుకు తగలకుండా చుట్టూ చల్లి నీళ్లు పెట్టండి.

కోస్తే తొడిమ దగ్గర తొక్క చిరుగుతోంది

చాలాసార్లు పండకపోవడమే కారణం. ద్రాక్ష కోశాక తీపెక్కదు. ఇది గుత్తిగా కాక ఒక్కొక్కటిగా పండుతుంది, తాకగానే ఊడొచ్చేదే తీయాలి. కాపు ఎక్కువైతే కింద దుప్పటి పరిచి తీగను కదపండి. చిరిగినవి నిల్వ ఉండవు, ముందు అవే వండేయండి.

ద్రాక్ష పై (pie, పిండి పొరలో పండు నింపి కాల్చే వంటకం) చేస్తే తొక్క రబ్బరులా సాగుతోంది

గుజ్జుతో కలిపి ఉడికించడమే పొరపాటు. పండును నొక్కితే గుజ్జు జారిపోతుంది, తొక్క చేతిలో మిగులుతుంది. గుజ్జును 5–10 నిమిషాలు మరిగించి జల్లెడలో రుద్దితే గింజలు పోతాయి. తొక్కల్ని కొద్ది నీళ్లలో సన్న సెగన 15–20 నిమిషాలు, గోటితో నొక్కితే తెగేదాకా ఉడికించి, ఆపైనే రెండూ కలిపి పంచదార వేయాలి. వాసనంతా తొక్కలోనే ఉంది, పారేయకండి.

జెల్లీలో గాజుపొడిలా గరగర

ద్రాక్షలోని టార్టరిక్ ఆమ్లం గడ్డకట్టిన పలుకులవి. రసాన్ని ఫ్రిజ్‌లో ఒక రాత్రి కదపకుండా ఉంచి, అడుగు మడ్డి వదిలేసి పైతేట గుడ్డలో వడకట్టాకే పొయ్యి మీద పెట్టండి.